పోల్యా గారి నడక

మన సంఘం ప్రత్యేక సంచికకు ఎవరైనా ఒక మహనీయుని జీవితం గూర్చి వ్రాసి ఇమ్మని కార్యదర్శిగారు అడిగారు. నాకు వెంటనే స్ఫురించిన పేరు మన సభ్యులలో చాలామందికి కొత్తది కావచ్చు. ఆయన దేశనాయకుడు కాదు, కవి కాదు. లెక్కల మాస్టారు. పేరు జార్జ్ పోల్యా. నేను కూడా 32 సంవత్సరాలు జిల్లా పరిషత్తు ఉన్నత పాఠశాలలలో లెక్కలే చెప్పాను గనుక ఈ పక్షపాతాన్ని పాఠకులు మన్నించాలి. ఇంకొక కారణం కూడా ఉన్నది. దానిని చివర మనవి చేసుకుంటాను.

పోల్యా 1887 డిసెంబరు 13న హంగేరీ రాజధాని బుడాపెస్ట్‌లో జన్మించారు. తండ్రి న్యాయవాది. ప్లీడరీ అచ్చిరాక బీమా కంపెనీలో ఉద్యోగం చేశారు. ఆయన మనసంతా విశ్వవిద్యాలయంలో పాఠం చెప్పడం మీదే ఉండేది. ఆ కోరిక తీరీ తీరకముందే 1897లో కాలం చేశారు. పిల్లవాడి చదువుకు పెద్దన్న యెనో అండగా నిలిచారు. ఈ అన్నగారు తరువాత పేరు మోసిన శస్త్రవైద్యులయ్యారు.

విచిత్రమేమిటంటే పోల్యాకు చిన్నప్పుడు లెక్కలంటే ప్రత్యేకమైన ఇష్టమేమీ లేదు. బడిలో లెక్కలు చెప్పిన పంతుళ్ళు ఆయనను ఆకట్టుకోలేదు. తల్లి కోరిక మీద తండ్రిలాగే న్యాయశాస్త్రంలో చేరి, విసుగెత్తి కొద్ది నెలలకే వదిలేశారు. తరువాత లాటిన్, హంగేరియన్ భాషలు చదివారు. ఆ పిమ్మట తత్త్వశాస్త్రం మీద మనసు పోయింది. తత్త్వం బాగా తెలియాలంటే భౌతికశాస్త్రం, గణితం కూడా చదవాలని అక్కడి ఆచార్యులు సలహా ఇచ్చారు. అలా చదవబోయి గణితంలో స్థిరపడిపోయారు. 1912లో బుడాపెస్ట్‌లో డాక్టరేటు పొందారు. పరిశోధన విషయం సంభావ్యత, అనగా ఒక పని జరిగే అవకాశం ఎంత అని లెక్కగట్టే శాస్త్రం.

ఆయన గొడవ పడి ఎరుగని సాధువు అనుకోనక్కరలేదు. ఆ రోజులలో గణితానికి కాశీ వంటిది జర్మనీలోని గోటింగెన్. అక్కడ ఉన్న కాలంలో ఒకనాడు రైలుపెట్టెలో ఆయన బుట్ట పక్క ప్రయాణికుని మీద పడింది. మాటా మాటా పెరిగి పోల్యా ఆ యువకుని చెంప ఛెళ్ళుమనిపించారు. తీరా చూస్తే అతడు అదే విశ్వవిద్యాలయం విద్యార్థి, పైగా ఒక పెద్ద అధికారి కుమారుడు. చివరికి పోల్యా గోటింగెన్ విడిచిపోవలసి వచ్చింది. పారిస్‌లో కొద్దికాలం గడిపి, 1914లో స్విట్జర్లాండ్‌లోని జ్యూరిక్ చేరారు. ఒక చెంపదెబ్బ మనిషి దారిని ఎటు తిప్పుతుందో చూడండి.

అదే సంవత్సరం మొదటి ప్రపంచయుద్ధం మొదలైంది. విద్యార్థిగా ఫుట్‌బాల్ ఆడుతూ తగిలిన కాలి గాయం వల్ల మొదట సైన్యంవారు ఆయనను తీసుకోలేదు. యుద్ధం ముదిరాక రమ్మని కబురు పెట్టారు. పోల్యా వెళ్ళలేదు. స్విట్జర్లాండ్ పౌరసత్వం తీసుకున్నారు. ఇక స్వదేశంలో అడుగు పెడితే అరెస్టు చేస్తారన్న భయం మిగిలిపోయింది. 1918లో స్టెల్లా వెబర్ అనే స్విస్ యువతిని వివాహమాడారు. వారి దాంపత్యం 67 సంవత్సరాలు సాగింది.

ఇప్పుడు ఆయన నడక గూర్చి చెప్పాలి. జ్యూరిక్‌లో ఆయన ఒక హోటలులో బస చేసేవారు. పక్కనే కొండ, అడవి, అందులో అనేక కాలిబాటలు. ఆలోచించుకుంటూ ఆ బాటల్లో తిరగడం ఆయన అలవాటు. అదే హోటలులో ఉంటూ తనతో కలిసి భోజనం చేసే ఒక విద్యార్థిని చూడడానికి ఒకనాడు అతనికి కాబోయే భార్య వచ్చింది. వారిద్దరూ అడవిలో షికారుకు వెళ్ళారు. పోల్యా కూడా యథాప్రకారం బయలుదేరారు. ఒక మలుపులో ఆ జంట ఎదురైంది. మరి కొంతసేపటికి మళ్ళీ ఎదురైంది. ఇంకొక బాట పట్టినా మళ్ళీ వారే. పాపం, ఆయన సిగ్గుతో కుంచించుకుపోయారు. ఈ పెద్దమనిషి మా వెంటే పొంచి తిరుగుతున్నాడని వారు అనుకుంటారేమోనని బాధ. మనమైతే మరునాడు మొహం చాటేసి ఊరుకుంటాము. ఆయన మాత్రం ఏ ఉద్దేశమూ లేకుండా తిరిగే మనుషులు ఇలా మళ్ళీ మళ్ళీ తారసపడే అవకాశం ఎంత అని తనను తాను ప్రశ్నించుకున్నారు. ఆ ప్రశ్నకు జవాబుగా 1921లో జర్మన్ భాషలో ఒక వ్యాసం ప్రకటించారు. దీనినే నేడు యాదృచ్ఛిక నడక అంటారు. ఇంగ్లీషులో ఈ పేరును 1905లోనే కార్ల్ పియర్సన్ అనే శాస్త్రజ్ఞుడు వాడారు. అయితే అందులోని అసలు కీలకాన్ని పట్టినవారు పోల్యా.

లెక్క అనగానే పేజీ తిప్పేయవద్దని మనవి. ఒకే ఒక్క పొడుగాటి వీధి ఉన్న ఊరు అనుకోండి. మీ ఇంటి ముందు నిలబడి ఒక రూపాయి బిళ్ళ ఎగరేయండి. బొమ్మ పడితే ఒక అడుగు తూర్పుకు, బొరుసు పడితే పడమరకు. ఇలా నడుస్తూ పోతే, సరిగ్గా నూరో అడుగు వేసేసరికి మీరు ఇంటి ముందే ఉండే అవకాశం నూటికి సుమారు 8. ఇక అడ్డవీధులు, నిలువువీధులు ఉన్న పట్టణంలో ప్రతి కూడలిలోనూ నాలుగు దిక్కులలో ఒకదానిని అదృష్టానికి వదిలితే, నూరో అడుగున ఇంటివద్ద ఉండే అవకాశం వెయ్యికి సుమారు 6. ఇంకా పైకీ కిందికీ కూడా కదలగలిగితే, అనగా పక్షిలాగా ఆరు దిక్కులుంటే, ఆ అవకాశం పదివేలకు 7 కూడా దాటదు.

ఈ చిన్న చిన్న అవకాశాలనన్నింటినీ, అడుగు తరువాత అడుగుగా, అంతులేకుండా కూడుతూ పోవాలి. ఆ మొత్తమే సగటున ఎన్నిసార్లు ఇల్లు చేరుతామో చెబుతుంది. ఒకే వీధిలోనూ, వీధుల పట్టణంలోనూ ఈ మొత్తం ఎంతకీ ఆగక పెరుగుతూనే ఉంటుంది. ఇంటికి వచ్చిన ప్రతిసారీ ఆట మళ్ళీ మొదటినుంచి మొదలైనట్లే. ఇక ఎన్నటికీ తిరిగి రాకుండా పోయే అవకాశం ఏ కొంచెమున్నా, రాకపోకల మొత్తం ఎక్కడో ఒకచోట ఆగిపోవాలి. ఆగడం లేదు కనుక తిరిగి రావడం తథ్యం. పక్షి విషయంలో ఆ మొత్తం సుమారు సగం దగ్గరే నిలిచిపోతుంది. అది గూటికి తిరిగి చేరే అవకాశం నూటికి 34 మాత్రమేనని తరువాతివారు లెక్కగట్టారు. నేల మీద నడిచేవాడు ఇల్లు చేరతాడు. ఆకాశంలో తిరిగేది దారి తప్పిపోవచ్చు. అయితే తథ్యమన్నాను కదా అని సంబరపడవద్దు. నేల మీద కూడా సగటు నిరీక్షణకు అవధి లేదు. వస్తుంది, ఎప్పుడో చెప్పలేము. కరువుభత్యం బకాయిల కోసం ఎదురుచూసిన మనకు ఇది వివరించి చెప్పనక్కరలేదు.

ఇద్దరు కలుసుకోవడం కూడా ఇదే లెక్క. నడిచే ఇద్దరి మధ్య దూరం మళ్ళీ సున్నా కావడమంటే, ఒక్కరు నడిచి ఇల్లు చేరినట్లే. కనుక అడవిబాటల వంటి వలలో ఆ జంట, పోల్యా మళ్ళీ మళ్ళీ ఎదురుపడడంలో ఎవరి తప్పూ లేదు. సిగ్గుపడిన మనిషి తనను తానే గణితంతో నిర్దోషిగా నిరూపించుకున్నారు.

తరువాతి తరాలవారు ఇంకొక మెట్టు పైకి వెళ్ళారు. నడిచేవాడే కాదు, నేల కూడా అదృష్టాన్నిబట్టి మారితే ఏమవుతుంది? ఒక కూడలి తూర్పుకు నెట్టేది, మరొకటి పడమరకు లాగేది అయితే? ఇటువంటి ఒంటి వీధిలో, రెండు వైపుల లాగుడూ సమానంగా ఉన్నప్పుడు నడిచేవాడు లోయల వంటి చోట్ల చిక్కుకుపోయి, మామూలుకంటే ఎంతో నెమ్మదిగా కదులుతాడని 1982లో రష్యా గణితవేత్త సినాయ్ నిరూపించారు. మద్రాసులో పుట్టి, 2007లో ఆబెల్ బహుమతి పొందిన శ్రీనివాస వరదన్ గారు కూడా ఈ రంగంలో కృషి చేశారు.

పోల్యా జీవితంలోనూ నేల నిలకడగా లేదు. నాజీల భయంతో 1940లో ఆయన, భార్య జ్యూరిక్ వదిలి అమెరికా చేరారు. అక్కడ మరి రెండు చోట్ల పనిచేసి 1942లో స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయంలో కుదురుకున్నారు. తనను చదివించిన అన్న యెనో మాత్రం యుద్ధం చివరి రోజులలో బుడాపెస్ట్‌లోనే ప్రాణాలు కోల్పోయారు.

మన రామానుజన్‌తో ముడిపడిన ఒక ముచ్చట కూడా ఉన్నది. 1920లలో ఇంగ్లాండు వెళ్ళినప్పుడు పోల్యా హార్డీ గారి వద్దనుండి రామానుజన్ నోటుపుస్తకాల ప్రతిని అడిగి తీసుకున్నారట. రెండు రోజులకే కంగారుగా తెచ్చి ఇచ్చేశారట. అది దగ్గర ఉంటే అందులోని సూత్రాలు నిరూపించడంతోనే తన బ్రతుకు తెల్లవారిపోతుందని భయపడ్డారట.

1945లో ఆయన ఇంగ్లీషులో ఒక చిన్న పుస్తకం ప్రకటించారు. లెక్కను ఎలా సాధించాలి అన్నదే దాని పేరుకు అర్థం. పది లక్షల ప్రతులకు పైగా అమ్ముడుపోయింది. చెప్పినది నాలుగు మాటలే. ప్రశ్న అర్థం చేసుకో, పథకం వేసుకో, పథకాన్ని అమలుచెయ్యి, చివర వెనక్కి తిరిగి చూసుకో. అన్నింటికంటే ముఖ్యంగా, పిల్లవాడు ముందు ఊహించాలి, ఆ తరువాత నిరూపించాలి అన్నది ఆయన పట్టుదల. ఊహించడం తప్పు కాదు, ఊహించి సరిచూసుకోకపోవడమే తప్పు అని ఆయన బోధ.

1953లో పోల్యా పదవీ విరమణ చేశారు. మనకందరకూ పనికివచ్చే భాగం ఇక్కడే మొదలవుతుంది. ఆ తరువాత 32 సంవత్సరాలు జీవించారు. నేను ఉద్యోగం చేసినన్నాళ్ళు ఆయన పెన్షనరుగా ఉన్నారన్నమాట. ఆ కాలాన్ని వరండాలో కూర్చుని గడపలేదు. 1954లోనూ, 1962, 1965లలోనూ పెద్ద గ్రంథాలు ప్రకటించారు. ఊరూరా తిరిగి బడిపంతుళ్ళకు పాఠాలు చెప్పారు. 1978లో, 90 ఏళ్ళ వయసులో, స్టాన్‌ఫర్డ్‌లో మళ్ళీ తరగతి గదిలో నిలబడి బోధించారు. 1913లో విడిచిన హంగేరీకి 54 సంవత్సరాల తరువాత 1967లో తొలిసారి తిరిగి వెళ్ళారు. నేల మీద నడిచేవాడు ఎన్నటికైనా ఇల్లు చేరతాడని చెప్పినవారు తాను కూడా చేరారు. 1985 సెప్టెంబరు 7న, 97వ ఏట కాలిఫోర్నియాలోని పాలో ఆల్టోలో కన్నుమూశారు.

ఇక నా మనవి. ఉద్యోగంలో ఉండగా ఒకనాడు తొమ్మిదవ తరగతిలో బోర్డు మీద లెక్క వ్రాస్తుండగానే ఒక పిల్లవాడు లేచి జవాబు చెప్పాడు. జవాబు సరైనదే. ఎలా చేశావంటే అంచనా వేశానన్నాడు. లెక్కలు అంచనాలతో చేస్తారా అని అందరి ముందు ఎగతాళి చేసి, గంటసేపు బెంచీ ఎక్కించాను. ఆ తరువాత సంవత్సరమంతా వాడు తరగతిలో నోరు మెదపలేదు. పోల్యా పుస్తకం నా చేతికి వచ్చింది పదవీ విరమణ అయ్యాకనే. గ్రంథాలయంలో అది చదువుతుంటే ఆ పిల్లవాడి ముఖమే కనిపించింది.

మా ఊరు చిన్నది. ఆ అబ్బాయి ఇప్పుడు పెద్దవాడై ఇక్కడే ఉద్యోగం చేస్తున్నాడు. కూరగాయల బజారులో ఒకసారి, బస్టాండులో ఒకసారి, గుడి దగ్గర ఒకసారి ఎదురయ్యాడు. ప్రతిసారీ నేను తల తిప్పుకుని వేరే వీధిలోకి మళ్ళాను. వీధుల ఊరిలో ఎంత తప్పించుకున్నా కలవక తప్పదని పోల్యా ఏనాడో చెప్పారు కదా. లైఫ్ సర్టిఫికెట్ ఇవ్వడానికి బ్యాంకుకు వెళితే వరుసలో నా ముందు అతనే ఉన్నాడు. మాస్టారూ అంటూ నమస్కరించి తన చోటు నాకిచ్చాడు. ఇక ఉండబట్టలేక ఆనాటి సంగతి ఎత్తి, తప్పు నాదేనని చెప్పాను. అతను మరచిపోలేదు. కోపం లేదని అంటూనే, ఇప్పటికీ ఆఫీసు మీటింగులో తోచిన మాట ముందుగా చెప్పడానికి జంకుతానని నెమ్మదిగా చెప్పాడు. నాకు మాట పెగలలేదు.

ఆ అబ్బాయి కూతురు ఇప్పుడు ఎనిమిదవ తరగతి. సాయంత్రాలు మా ఇంటికి లెక్కలు చెప్పించుకోవడానికి వస్తుంది. పలక ముట్టుకోకముందే జవాబు ఎంత ఉండవచ్చో ఊహించి చెప్పమని అడుగుతాను. మొదట్లో తండ్రిలాగే జంకింది. ఇప్పుడు ధైర్యంగా చెబుతోంది, తప్పయితే నవ్వి మళ్ళీ మొదలుపెడుతోంది. మన సంఘంలో ఉపాధ్యాయులుగా పనిచేసినవారు చాలామంది ఉన్నారు. పెన్షను వచ్చింది ఉద్యోగానికే గాని పాఠం చెప్పడానికి కాదని పోల్యా గారి జీవితం నాకు నేర్పింది. మీ వీధిలోని పిల్లల కోసం సాయంత్రం ఒక గంట కేటాయించవలసినదిగా సోదర సభ్యులను కోరుతూ సెలవు తీసుకుంటున్నాను.