పూటకూళ్లమ్మకు పూలదండ

జపాన్ దర్శకుడు యసుజిరో ఓజు తొలి టాకీ 'హితోరి ముసుకో'కు 2026లో తొంభై ఏళ్లు నిండుతున్నాయి. పేరుకు అది ఒక్కగానొక్క కొడుకు కథ. కానీ సినిమాను భుజాన మోసింది తల్లి వేషం కట్టిన చోకో ఈదా. ఓజుకు దండలు వేసేవాళ్లు లోకమంతా ఉన్నారు కాబట్టి, ఈ పండగ పూట మన దండ ఆమెకే వేద్దాం.

టోక్యోలోని అసకుసాలో 1897లో పుట్టిన ఈదా, 1920లలో షోచికు కంపెనీ వారి కమాటా స్టూడియోలో చేరారు. కథానాయిక వేషాలు ఆమెను వెతుక్కుంటూ రాలేదు. 1933 నాటి 'దెకిగోకోరో'లో పూటకూళ్లమ్మ. 1935లో 'తోక్యో నో యాదో'లో మళ్లీ పూటకూళ్లమ్మే. ఈ రెంటికీ నడుమ 1934లో 'ఉకికుసా మోనోగతారి' వచ్చింది. అందులో ఊరూరా తిరిగే నాటకాలాయనకు కొడుకును కని, తండ్రెవరో ఆ బిడ్డకు చెప్పకుండా పెంచిన మనిషి ఆమె. మూడింట్లోనూ ఎదుటి పాత్ర తకేషి సకమోతోది. అతను నిలకడ లేని మగాడు. అతని గుణం పూర్తిగా ఎరిగీ కసురుకుంటూనే ఆదరించే మనిషి ఈమె. ఆ కసురులోని చనువు మూకీలో సైతం చెవిన పడుతుంది!

ఇక 'హితోరి ముసుకో' సంగతి. ఈదా భర్త హిదెయో మోహరా, ఓజు మూకీలెన్నిటికో ఛాయాగ్రాహకుడు. ఆయన సొంతంగా ఒక శబ్దగ్రహణ పద్ధతిని తయారు చేసే పనిలో పడ్డారు. తన తొలి టాకీ దాని మీదే తీస్తానని ఓజు మాట ఇచ్చారు. షోచికు 1931లోనే టాకీ తీసినా, ఓజు మాత్రం ఆ మాటకు కట్టుబడి మూకీలతోనే కాలక్షేపం చేశారు. 1936 నాటికి కంపెనీ ఒఫునాలోని స్టూడియోకు తరలిపోయింది. ఖాళీ అయిన కమాటా స్టూడియోలో, పగలు రైళ్ల రొద పడలేక, అర్ధరాత్రి నుంచి తెల్లవారుజాము దాకా ఈ సినిమాను చిత్రీకరించారు. యంత్రం దగ్గర భర్త, యంత్రం ముందు భార్య. నాకైతే ఇంతకన్నా ముచ్చటైన సంసారం సినిమా చరిత్రలో కనబడదు.

అప్పటికి ఆమెకు 39 ఏళ్లు. వేసింది ముసలి తల్లి వేషం. షిన్షూ ప్రాంతంలో పట్టు మిల్లు కూలి అయిన ఆ వితంతువు, కొడుకు చదువు కోసం ఇల్లూ పొలమూ అమ్ముకుంటుంది. తీరా టోక్యో వెళ్లి చూస్తే కొడుకు రాత్రి బడిలో పంతులు. చేతిలో చిల్లిగవ్వ లేదు. అయినా అమ్మకు కొత్త వింత చూపిద్దామని ఒక జర్మన్ టాకీకి తీసుకెళతాడు. ఆవిడ హాయిగా కునికిపాట్లు పడుతుంది. ఓజు తన తొలి టాకీలోనే టాకీ మీద విసిరిన చురక ఇది. ఈదా తల వాలే తీరు చూస్తే నవ్వాగదు. ఆ తర్వాత ఒక రాత్రి కొడుకును నిలదీస్తుంది: అప్పుడే చేతులెత్తేశావా అని. ఆ గొంతులో జాలి లేదు, కోపమే. కన్నీళ్లు పిండడానికి ఎంత వీలున్నా ఆమె పిండరు. అందుకే, ఊరికి తిరిగొచ్చి తోటి కూలితో మావాడు చాలా గొప్పవాడయ్యాడని చెప్పినప్పుడు ప్రేక్షకుడి గుండె జారిపోతుంది.

1947లో యాభయ్యో ఏట 'నగయా షిన్షిరోకు'లో ఈదాకు మళ్లీ ప్రధాన పాత్ర దొరికింది. తప్పిపోయిన పిల్లవాణ్ని వదిలించుకోవాలని చూసి, చివరికి వాడి కోసమే తపించే గయ్యాళి ఆమె. మరుసటి ఏడు దర్శకుడు కురోసావా తీసిన 'యోయిదోరె తెన్షి'లో ముసలి పనిమనిషి. 1961లో మొదలైన తోహో కంపెనీ వారి 'వాకాదైషో' సినిమాల వరుసలో కథానాయకుడు యూజో కయామాకు బామ్మ. తండ్రి కొడుకును ఇంట్లోంచి గెంటేసినా, బామ్మ మాత్రం మనవడి పక్షమే. 1972 డిసెంబరులో, 75వ ఏట కన్నుమూశారు.

ఈ ఏడు 'హితోరి ముసుకో' ప్రదర్శన వేసే ఫిల్మ్ సొసైటీలకు ఒక మనవి. దాని వెంటే ఒక 'వాకాదైషో' కూడా వేయండి. జనం మొదట ఏడ్చి, తర్వాత నవ్వి, ఒకే మనిషికి రెండుసార్లు చప్పట్లు కొట్టి ఇంటికి వెళతారు.