ఏథెన్సు శాసనకర్త సోలన్

క్రీ.పూ. ఏడవ శతాబ్దపు చివరినాటికి ఏథెన్సు రాజ్యంలో భూమి చాలావరకు కొద్దిమంది శ్రీమంతుల అధీనంలో ఉండేది. పేద రైతు అప్పుకు తన దేహాన్నే తాకట్టు పెట్టేవాడు. తీర్చలేనినాడు ఆలుబిడ్డలతో సహా బానిసగా అమ్ముడుపోయేవాడు. క్రీ.పూ. 621 ప్రాంతంలో డ్రాకో చట్టాలను లిఖితరూపంలో ప్రకటించాడు. చట్టం వ్రాతకెక్కడం మేలే. కాని చిల్లర దొంగతనానికి సైతం మరణదండన విధించాయని చెప్పే ఆ శాసనాలు అప్పులవానిని ఆదుకోలేదు.

ఇట్టి సంక్షోభంలో, క్రీ.పూ. 594లో, ఉభయపక్షాలవారూ సోలన్‌ను ఆర్కన్‌గా, మధ్యవర్తిగా ఎన్నుకున్నారు. ఆయన ఉన్నత వంశీయుడే గాని మహాసంపన్నుడు కాడు, వర్తకం చేసినవాడు, కవి.

ఆయన పాత అప్పులను రద్దు చేశాడు. మనిషిని తాకట్టు పెట్టడం నిషేధించాడు. పొలాలలో నాటిన గుర్తురాళ్ళను పెరికించాడు. పరదేశాలలో అమ్ముడుపోయి మాతృభాషను సైతం మరచినవారిని తిరిగి రప్పించినట్లు తన కవితలలో చెప్పుకున్నాడు. రద్దు సంగతి ముందుగా తెలిసిన మిత్రులు కొందరు అప్పుచేసి భూములు కొన్నారనీ, సోలన్ తనకు రావలసిన బాకీలు వదులుకొని నింద బాపుకున్నాడనీ ప్లూటార్కు వ్రాశాడు. మిత్రుల వలన మాటపడటం ఏ కాలపు అధికారికీ తప్పదు కాబోలు!

పుట్టుకను బట్టి కాక పంట రాబడిని బట్టి పౌరులను నాలుగు తరగతులుగా విభజించాడు. కూలివారికి పదవులు దక్కలేదు గాని ప్రజాసభలోను న్యాయసభలోను స్థానం దక్కింది. మా దృష్టిలో అంతకన్న ఘనమైనది మరొకటున్నది. అన్యాయానికి గురైనవాని పక్షాన ఏ పౌరుడైనను అభియోగం తేవచ్చునన్నాడు. నోరులేనివానికి పొరుగువాని నోరు తోడైనది. అయితే స్త్రీలకు, పరదేశాలనుండి కొనితెచ్చిన బానిసలకు ఈ హక్కు లేదన్న సంగతిని మేము మరుగుపరచలేము.

కుమారునికి వృత్తి నేర్పని తండ్రిని ఆ కుమారుడు వృద్ధాప్యంలో పోషించనక్కరలేదన్నది మరొక శాసనం. విద్యార్థులమైన మాకు ఇది ఎంతో ముచ్చట గొలుపుతుంది.

చట్టాలను కొయ్యపలకలపై వ్రాయించి అందరికీ కనబడునట్లు నిలిపాడు. అప్పులు పోయినవని శ్రీమంతులు, భూమి పంచలేదని పేదలు అసంతృప్తి చెందారు. నిరంకుశుడయ్యే అవకాశమున్నా వలదనుకొని, పదేండ్లు దేశాంతరం వెళ్ళాడు. ఈజిప్టు, సైప్రస్ చూచాడు. ఆయన వృద్ధాప్యంలో, క్రీ.పూ. 561 ప్రాంతంలో, బంధువైన పిసిస్ట్రాటస్ అధికారాన్ని ఆక్రమించాడు. సోలన్ ఎదిరించి మాట్లాడాడు. వినేవారు లేకపోగా ఆయుధాలను ఇంటి వాకిట ఉంచి ఊరుకున్నాడట. కొద్దికాలానికే మరణించాడు. పిసిస్ట్రాటస్ మాత్రం సోలన్ చట్టాలలో అనేకాన్ని అట్లే కొనసాగించాడు.