గొంతులు దాచిన గ్రియర్సన్ దొర

బ్రౌను దొర మన తాళపత్ర గ్రంథాలను కాపాడిన సంగతి పెద్దలు చెప్పగా వింటూనే ఉన్నాము. వ్రాతనే కాక, నోటి మాటను కూడా దాచాలని తలచిన మరొక దొర ఉన్నారు. ఆయనే సర్ జార్జి అబ్రహాం గ్రియర్సన్.

గ్రియర్సన్ గారు 1851 జనవరి 7వ తేదీన ఐర్లండులో, డబ్లిన్ నగరం చేరువలో జన్మించారు. ట్రినిటీ కాలేజీలో గణితం చదువుతూ సంస్కృతం, హిందూస్తానీ నేర్చుకున్నారు. 1873లో సివిల్ సర్వీసు ఉద్యోగిగా బెంగాలు చేరి, బీహారు ప్రాంతంలో చాలాకాలం పనిచేశారు. కచేరీలో వినిపించే భాష వేరు, పొలంలో రైతు మాట వేరు అని అక్కడ గ్రహించారు. నాగలి మొదలు వంటపాత్రల వరకు రైతులు వాడే పేర్లన్నీ పోగుచేసి 1885లో పుస్తకంగా వేశారు.

1898లో భారతదేశ భాషల సర్వేకు ఆయన అధిపతి అయ్యారు. 1903లో ఉద్యోగం విరమించి, ఇంగ్లండులోని కాంబర్లీలో ఉంటూ 1928 వరకు ఆ పని సాగించారు. 179 భాషలు, 544 మాండలికాలు లెక్కకు వచ్చాయి. పోల్చి చూడడానికి వీలుగా అన్ని చోట్లా ఒకే కథ చెప్పించారు. ఇల్లు విడిచి దూరదేశం పోయి, చితికిపోయి, తిరిగి తండ్రిని చేరిన కొడుకు కథ అది. బైబిలులోనిది.

మద్రాసు రాజధాని, నైజాం రాజ్యం ఈ సర్వేలో చేరలేదు. అందువల్ల 1906 నాటి నాలుగవ సంపుటంలో తెలుగు మాండలికాలుగా చోటు దొరికింది ఎక్కువగా సొంతగడ్డ విడిచి వెళ్ళినవారి మాటకే. బొంబాయి కామాఠీలు, ఊరూరా తిరిగి రాళ్ళు కొట్టే వడ్డెరలు, చాందా జిల్లా సాలెవారు అందులో ఉన్నారు.

అయితే యాస అక్షరానికి పూర్తిగా అందదు. అందుకే గ్రామఫోను ప్లేట్లు అవసరమయ్యాయి. 1913 నుండి 1929 వరకు ఆయా రాష్ట్ర ప్రభుత్వాల సాయంతో 97 భాషలలో, మాండలికాలలో 242 రికార్డులు తయారయ్యాయి. మద్రాసు ప్రభుత్వం కూడా తన భాషలను పలికించింది. వాటిలో తెలుగు ఒకటి. లక్క ప్లేటు జారిపడితే పగిలిపోతుంది. ప్రతులు వేర్వేరు గ్రంథాలయాలకు చేరినందున ఆ గొంతులు దక్కాయి. ఈనాడు ఇంట్లో కూర్చుని కంప్యూటరులో వినవచ్చు.

1928లో ఆర్డర్ ఆఫ్ మెరిట్ బిరుదు పొందిన గ్రియర్సన్ గారు 1941 మార్చి 9న, తొంభయ్యవ ఏట కన్నుమూశారు.

ఆ సంపుటం వెలువడిన రోజులలోనే మా తాతగారు మద్రాసు రేవులో ఓడెక్కి ఫిజీ చెరకు తోటలకు చేరారు. ఆయన తెలుగు ఎలా ఉండేదో చెప్పే ప్లేటు ఏదీ లేదు. నేను సాయంత్రం తరగతులలో నేర్చుకున్నది పుస్తకాల తెలుగు. మన సన్నీబ్యాంక్ ఇళ్ళలో ఆ పాత యాస పలికే అవ్వలు, తాతలు ఇంకా కొందరున్నారు. పిల్లలారా, ఈ పండుగ సెలవులలో వారి పక్కన కూర్చుని ఒక్క కథ చెప్పించి రికార్డు చేయండి. చెప్పినవారి పేరు, ఊరు, తేదీ వ్రాసిపెట్టండి.