వట్టి కాళ్లతో గ్లాస్గో దాకా

ఫుట్‌బాల్ అనగానే మనకు విదేశీ ఆటగాళ్ల పేర్లే ముందు గుర్తుకొస్తాయి. అయితే దాదాపు తొంభై ఏళ్ల కిందటే ఒక భారతీయుడు యూరప్ వెళ్లి, అక్కడి పెద్ద క్లబ్ తరఫున బూట్లు లేకుండా ఆడాడు. ఆయన పేరు మహమ్మద్ సలీం.

సలీం 1904లో కలకత్తాలోని మెటియాబ్రుజ్‌లో పుట్టాడు. ఆ కాలంలో మన ఆటగాళ్లు చాలామంది వట్టి కాళ్లతోనే ఆడేవారు. బూట్లు తొడుక్కున్న బ్రిటిష్ సైనిక జట్లతో అలాగే తలపడేవారు. సలీం కుడి వింగ్‌లో ఆడేవాడు. ఈస్ట్ బెంగాల్, ఆర్యన్స్ వంటి జట్లు మారి, చివరకు మహమ్మడన్ స్పోర్టింగ్‌లో చేరాడు. 1934లో ఆ జట్టు కలకత్తా లీగ్ గెలిచింది. అంతవరకు ఏ భారతీయ జట్టుకూ ఆ లీగ్ దక్కలేదు. అప్పటి నుంచి 1938 దాకా వరుసగా ఐదేళ్లూ విజేత ఆ జట్టే.

1936లో చైనా ఒలింపిక్ జట్టు కలకత్తా వచ్చింది. ఆ జట్టుపై సలీం చూపిన ఆట ఒక బంధువుకు ఎంతో నచ్చింది. ఇంత నేర్పు ఉన్నవాడు యూరప్‌లో ఆడి తీరాలని ఆయన పట్టుబట్టాడు. ఇద్దరూ ఓడ ఎక్కి, కైరో, లండన్‌ల మీదుగా స్కాట్లాండ్‌లోని గ్లాస్గో చేరారు. అక్కడి సెల్టిక్ క్లబ్‌కు 1897 నుంచి మేనేజర్‌గా ఉన్న విల్లీ మేలీని కలిశారు. బూట్లు లేకుండా ఆడతాడని చెబితే ఆయనకు మొదట నమ్మకం కలగలేదు. అయినా పరీక్షించి చూశాడు. బంతి సలీం మాట వింటున్నట్టే కదిలింది. అవకాశం దొరికింది.

సెల్టిక్ ట్రైనర్ జిమ్మీ మెక్‌మెనెమీ సలీం పాదాలకు కట్లు కడుతున్న ఫోటో నేటికీ ఉంది. ఆ కట్లతోనే ఆయన రెండు మ్యాచ్‌లు ఆడాడు. హామిల్టన్‌పై 5-1తో గెలిచిన మ్యాచ్‌లో పెనాల్టీని గోల్‌గా మలిచాడు. ఆగస్టు 28న గాల్‌స్టన్‌పై జట్టు 7-1తో గెలిచింది. అక్కడి పత్రికలు ఆయన కాళ్ల నేర్పును తెగ మెచ్చుకున్నాయి. అప్పటికి మన దేశం బ్రిటిష్ పాలనలోనే ఉందని మనం మరచిపోకూడదు.

కానీ సలీంకు ఇంటి మీద బెంగ పట్టుకుంది. ఉండిపొమ్మని క్లబ్ అడిగినా ఉండలేక కలకత్తా తిరిగి వచ్చి, మళ్లీ మహమ్మడన్ స్పోర్టింగ్‌కు ఆడాడు.

చేతికందిన అవకాశాన్ని వదులుకున్నాడని కొందరికి అనిపించవచ్చు. ఆయన ఆడినవి రెండే మ్యాచ్‌లు, అవీ ప్రధాన జట్టుకు కాదు, రిజర్వ్ జట్టుకు. అయితే బదిలీ ఉత్తర్వు రాగానే సామాను కట్టుకునే మన ఇళ్లలో ఆ బెంగ ఎవరికి తెలియదు? కొత్త బడిలో భాష రాక, మధ్యాహ్నం డబ్బా విప్పి ఒంటరిగా కూర్చున్న రోజులు మనలో చాలామందికి ఉన్నాయి. బెంగ పడడం చేతకానితనం కాదు. కొత్తచోట తనకు వచ్చిన విద్యను తనకు వచ్చిన తీరులోనే చూపించి, మెప్పించాకే సలీం వెనుదిరిగాడు.

ఏళ్లు గడిచాయి. సలీం ముసలివాడై జబ్బుపడినప్పుడు, కొడుకు ఆ సంగతి సెల్టిక్ క్లబ్‌కు ఉత్తరం రాశాడు. డబ్బు కోసం కాదు, తండ్రి వాళ్లకు ఇంకా గుర్తున్నాడో లేదో తెలుసుకుందామని. జవాబు వచ్చింది, దానితోపాటు 100 పౌండ్ల డ్రాఫ్టూ వచ్చింది. సలీం 1980లో కన్నుమూశాడు. ఆ డ్రాఫ్టును కొడుకు మార్చుకోలేదు, అలాగే దాచుకున్నాడు.