కత్తెర పట్టని కూర్పరి

చలనచిత్ర నిర్మాణంలో ఛాయాగ్రహణం ఒకరిది, కూర్పు మరొకరిది. మొదటివాడు తీసిన దానిలో ఎంతో భాగాన్ని రెండవవాడు కత్తిరించి పారవేస్తాడు. ఈ రెండు పనులూ ఒకే బుద్ధి ఆజ్ఞలో సాగితే వృథా తగ్గుతుంది. కెమెరా గాని, కత్తెర గాని చేపట్టకుండానే, చిత్రీకరణకు ముందే ఈ రెంటినీ కాగితంపై ఏకం చేసిన దర్శకులు కదిరి వెంకటరెడ్డిగారు. లోకానికి ఆయన కె. వి. రెడ్డి.

అనంతపురం జిల్లా తాడిపత్రిలో 1912 జూలై 1వ తేదీన ఆయన జన్మించారు. పెన్న ఒడ్డున ఉండి కూడా నీటికి మొగం వాచిన సీమ అది. కడవెడు నీటిని ఎన్ని పనులకు సర్దవలెనో అక్కడి పిల్లలకు ఒకరు నేర్పనక్కరలేదు. మద్రాసు ప్రెసిడెన్సీ కళాశాలలో భౌతికశాస్త్రం చదివి, మిత్రులు మూలా నారాయణస్వామిగారు, బి. ఎన్. రెడ్డిగారు నడిపిన వాహినీ సంస్థలో క్యాషియరుగా చేరారు. పద్దులు రాసే చేతికి డబ్బు ఎక్కడ జారిపోతున్నదో తెలియకుండా ఉంటుందా? ఆ సంస్థలోనే కె. రామనాథ్‌గారు కెమెరా నిర్వహిస్తూ సినేరియో కూడా రాసేవారు. దృశ్యాన్ని చూసే కన్నూ, దానిని మలిచే కలమూ ఒకరివే కావడం రెడ్డిగారు దగ్గరగా గమనించిన విషయం.

1943లో 'భక్త పోతన'తో దర్శకులయ్యారు. యుద్ధకాలం, ముడి ఫిలిం విదేశాల నుండి రావాలి, దానికీ కరవే. క్రమంగా ఆయన పద్ధతి స్థిరపడింది. కథ, సంభాషణలు పూర్తిగా సిద్ధమయ్యే వరకు చిత్రీకరణ లేదు. రిహార్సలులో ప్రతి సన్నివేశాన్నీ స్టాప్‌వాచ్‌తో కొలిచేవారు. ధ్వనిచిత్రంలో నిమిషానికి 90 అడుగుల ఫిలిం నడుస్తుంది గనుక నిమిషాలను అడుగులుగా మార్చడం బడిపిల్లల లెక్క. ఆ లెక్కతో చిత్రం మొత్తం నిడివి ముందే తెలిసిపోయేది.

అంతమాత్రాన ఇతరుల పనిని తక్కువ చేయరాదు. 'మాయాబజార్' (1957)లో వెన్నెలను సృష్టించినవారు మార్కస్ బార్ట్లీగారు. కూర్పు జంబులింగం, కల్యాణసుందరం గారలది. కాని ఆ చిత్రంలోని పెద్ద కత్తిరింపు కెమెరా తిరగకముందే జరిగింది. అది భారత సంబంధమైన కథ. పాండవులైదుగురిలో ఒక్కరూ తెరపైకి రారు! వారి లోటు ప్రేక్షకునికి తోచనే తోచదు. నా దృష్టిలో 1952 అంతర్జాతీయ చలనచిత్రోత్సవంలో ప్రదర్శితమైన 'పాతాళభైరవి' (1951) కంటె ఈ నేర్పు గొప్పది.

స్టాప్‌వాచ్ నిడివిని చెప్పగలదు గాని ప్రేక్షకుల మనసును చెప్పలేదు. 'సత్య హరిశ్చంద్ర' (1965), 'ఉమా చండీ గౌరీ శంకరుల కథ' (1968) పరాజయం పొందాయి. 'శ్రీకృష్ణసత్య' (1971) పదునాలుగవ చిత్రం, చివరిది. 1972 సెప్టెంబరు 15న రెడ్డిగారు కన్నుమూశారు.

2010లో 'మాయాబజార్'కు రంగులద్ది మళ్లీ విడుదల చేశారు. మొదటి నిడివి 184 నిమిషాలు, అంటే సుమారు 16,500 అడుగులు. రంగుల ప్రతిని 165 నిమిషాలకు కుదించారు. అంత కొలిచి తీసిన చిత్రంలో ఇంచుమించు 1,700 అడుగులు ఆనాడు కత్తెర పాలైనవి.