వాస్తుశిల్పి లూయీ సలివాన్

మహానగరాల చరిత్ర గ్రంథాలలోనే గాక కట్టడాలలోనూ నిక్షిప్తమై ఉంటుంది. కట్టడం కూలిన నాడు చరిత్రలో ఒక పుట చిరిగిపోతుంది. అమెరికాలోని చికాగో నగరం అట్లు పోగొట్టుకొన్న పుటలలో అనేకం లూయీ సలివాన్ సృష్టించినవే.

సలివాన్ 1856 సెప్టెంబరు 3వ తేదీన బోస్టన్ నగరంలో జన్మించాడు. 1871లో ఘోరమైన అగ్నిప్రమాదం చికాగోలో పెద్ద భాగాన్ని భస్మం చేసింది. నగరం తిరిగి తలెత్తుతున్న రోజులలో, 1873లో, ఈ యువకుడు అక్కడికి చేరాడు. కొంతకాలం పారిస్‌లో విద్యనభ్యసించి వచ్చి, డాంక్‌మార్ ఆడ్లర్ అనే నిర్మాణ నిపుణునితో భాగస్వామి అయ్యాడు. ఆడ్లర్ ఇంజనీరింగు ప్రజ్ఞ, సలివాన్ కళాదృష్టి కలిసి 1889లో ఆడిటోరియం భవనంగా రూపొందాయి. అది నేటికీ నిలిచి ఉంది.

ఉక్కు చట్రాలపై బహుళ అంతస్తుల భవనాలు వెలుస్తున్న కాలమది. వాటికి ప్రాచీన గ్రీకు, రోమను రూపాలను తొడగడం నాటి ఆచారం. భవనం నెరవేర్చవలసిన ప్రయోజనం నుండే దాని రూపం జనించాలని సలివాన్ విశ్వసించాడు. అయినా ఆయన అలంకారాన్ని త్యజించలేదు. కాల్చిన మట్టి పలకలపైనా, పోత ఇనుముపైనా ఆకులను, లతలను అల్లించాడు. సుప్రసిద్ధ వాస్తుశిల్పి ఫ్రాంక్ లాయిడ్ రైట్ ఆయన వద్దనే పనిచేసి ఎదిగాడు.

1893 నాటి ఆర్థిక సంక్షోభం ఆయన అదృష్టాన్ని తలక్రిందులు చేసింది. 1895లో ఆడ్లర్ విడిపోయాడు. పనులు తగ్గిపోగా 1909లో సొంత వస్తువులను వేలం వేసుకోవలసి వచ్చింది. 1924 ఏప్రిల్ 14న ఒక హోటలు గదిలో, పేదరికంలో కన్నుమూశాడు. అమెరికన్ వాస్తుశిల్పుల సంస్థ స్వర్ణపతకం ఆయనను వరించింది 1944లో, మరణించిన ఇరువది ఏండ్లకు!

మరణానంతరం వచ్చిన ఆ కీర్తి కూడా ఆయన కట్టడాలను కాపాడలేకపోయింది. గారిక్ నాటకశాల గల షిల్లర్ భవనాన్ని 1961లో కూల్చి, ఆ స్థలంలో కార్లు నిలిపే కట్టడం నిర్మించారు. 1972లో స్టాక్ ఎక్స్ఛేంజి భవనం వంతు వచ్చింది. శిథిలాల నుండి శిల్పఖండాలను సేకరిస్తున్న ఛాయాచిత్రకారుడు రిచర్డ్ నికెల్ అక్కడే కూలిన భవన భాగం క్రింద ప్రాణాలు కోల్పోయాడు.

ఆ భవనపు ముఖద్వార తోరణం నేడు చికాగో కళాసంస్థ చెంత నిలిచి ఉంది. 1893లో సర్వమత మహాసభ జరిగినదీ, స్వామి వివేకానందుడు ప్రసంగించినదీ ఆ సంస్థ భవనంలోనే. తోరణం మిగిలింది, లోనికి ప్రవేశించడానికి భవనం లేదు. ప్రాచీన కట్టడాలున్న ప్రతి నగరంలోని యువతరమూ స్మరించదగిన దృశ్యమది.