రక్తపు చుక్క చెప్పే నిజం.. రొనాల్డ్ రాస్ పట్టు

ఇంటర్ బైపీసీ అయ్యాక డీఎంఎల్‌టీలో చేరినవాళ్లకు మొదటి నెలల్లో ఒక అసంతృప్తి ఉంటుంది. మైక్రోస్కోపు ముందు కూర్చోబెడతారనుకుంటే వేలికి సూది గుచ్చడం, స్లైడ్ మీద నంబరు వేయడం, ట్యూబులు సర్దడం.. ఇదేనా చదువు అనిపిస్తుంది. కర్నూలు, కడపల్లో శిక్షణలో ఉన్న పిల్లలదీ ఇదే మాట. అలాంటివాళ్లు ఒకసారి రొనాల్డ్ రాస్ జీవితం తెలుసుకోవాలి. ఈయన నోబెల్‌కు దారి పడింది మన సికింద్రాబాద్‌లోనే. ఆ దారిలో ఎక్కువ భాగం శాంపిళ్లు సేకరించడం, అవి పాడవకుండా చూసుకోవడమే.

రాస్ 1857 మే 13న అల్మోరాలో పుట్టారు. తండ్రి సైన్యంలో పెద్ద అధికారి. ఎనిమిదేళ్లకే చదువుకోసం ఇంగ్లండ్ పంపేశారు. కుర్రాడికి కవిత్వం, సంగీతం, బొమ్మలంటే ప్రాణం. డాక్టరు కావాలన్నది తండ్రి పట్టుదల. అందుకే లండన్‌లోని సెయింట్ బార్తలోమ్యూ ఆసుపత్రిలో చేరినా మనసు పెట్టి చదివింది తక్కువ. ఒక పరీక్ష తప్పారు కూడా. కొన్నాళ్లు ఓడలో వైద్యుడిగా తిరిగి, మళ్లీ రాసి పాసై, 1881లో ఇండియన్ మెడికల్ సర్వీసులోకి వచ్చారు. మద్రాసు, బర్మా, అండమాన్.. మధ్యలో మన విజయనగరంలోనూ పనిచేశారు. మొదట్లో మలేరియాకు మూలం పేగుల్లో ఉందని నమ్మినవాళ్లలో ఈయన కూడా ఒకరు!

1894లో సెలవు మీద లండన్ వెళ్లినప్పుడు ప్యాట్రిక్ మాన్సన్ అనే డాక్టరు రోగి రక్తంలోని మలేరియా పరాన్నజీవిని మైక్రోస్కోపులో చూపించారు. దోమకు దీనికి సంబంధం ఉండొచ్చన్న ఆలోచన కూడా ఆయనదే. రాస్‌కు అది పట్టుకుంది. 1895లో సికింద్రాబాద్ చేరారు. పని మొదలైంది.

మొదటి చిక్కు శాంపిల్ దగ్గరే. వేలికి సూది గుచ్చుతానంటే జనం భయపడి దూరం జరిగేవారు. డబ్బు ఇస్తానన్నా కొందరు దగ్గరికి రాలేదు. ఎట్టకేలకు అబ్దుల్ ఖాదర్ అనే రోగి ఒప్పుకున్నాడు. అతని రక్తంలో నెలవంక ఆకారపు పరాన్నజీవులు కనిపించాయి. రక్తం ఒంట్లోంచి బయటికి వచ్చిన కొద్ది నిమిషాలకే ఆ నెలవంకలు గుండ్రంగా మారిపోతాయి, కొన్నింటి నుంచి కొరడాల్లాంటి పోగులు బయటికొస్తాయి. దోమ పొట్టలోకి వెళ్లిన రక్తంలోనూ ఇదే జరుగుతోందని రాస్ గమనించారు. అంటే శాంపిల్ తీసిన క్షణం నుంచి అది మారిపోతూనే ఉంటుందన్నమాట. ఆలస్యంగా చూస్తే కనిపించేది వేరు.

ఈ విషయం ఇవాళ్టి ల్యాబ్‌కూ వర్తిస్తుంది. ఈడీటీఏ ట్యూబులో రక్తం గంటల తరబడి ఉండిపోతే మలేరియా క్రిముల ఆకారం చెడిపోతుంది. అందుకే వేలి రక్తంతో అక్కడికక్కడే పూత వేయడం మేలంటారు. పెద్దవాళ్లకైతే ఉంగరపు వేలు, పసిపిల్లలకైతే మడమ లేదా కాలి బొటనవేలు. మొదటి చుక్క తుడిచేయాలి. ఒకే స్లైడ్ మీద మందపాటి పూత, పల్చటి పూత రెండూ వేస్తారు. పల్చటిదాన్ని మిథనాల్‌తో స్థిరపరుస్తారు, మందపాటిదానికి అది తగలకూడదు. ఎందుకంటే రంగు వేసేటప్పుడు అందులోని ఎర్ర రక్తకణాలు పగిలి రంగు వదిలేయాలి, అప్పుడే క్రిమి బయటపడుతుంది. ఇక్కడ మన సీమవాళ్లకు ప్రత్యేకంగా ఒక మాట. త్వరగా ఆరుతుందని మే నెల ఎండలో స్లైడ్ పెట్టారో, ఆ వేడికే మందపాటి పూత స్థిరపడిపోతుంది. ఇక ఎంత కడిగినా కణాలు పగలవు. నల్లమల గూడెం నుంచి ఎంతో శ్రమపడి తెచ్చిన స్లైడ్ అయినా సరే, పనికిరాదు. నీడలో, సమంగా ఉన్నచోట, ఈగలు వాలకుండా ఆరబెట్టాలి.

మళ్లీ రాస్ దగ్గరికి వద్దాం. మధ్యలో బెంగళూరులో కలరా పని మీద పడింది. 1897లో ఊటీ దగ్గర సిగూర్ లోయకు వెళ్లి తనే మలేరియా తెచ్చుకున్నారు. జూన్‌కల్లా తిరిగి సికింద్రాబాద్. అప్పటిదాకా ఆయన కోసి చూసినవన్నీ మనం క్యూలెక్స్, ఈడిస్ అనే రకాలు. ఫలితం సున్నా. దోమల్లో రకాల గురించి ఆయనకు పెద్దగా తెలియదు. రెండేళ్లు తప్పుడు శాంపిల్ మీద ఒప్పుగా పనిచేశారనాలి.

ఆగస్టులో రెక్కల మీద మచ్చలున్న కొత్త రకం దోమ పిల్లలు దొరికాయి. వాటిని పెంచి, 16న హుస్సేన్ ఖాన్ అనే మలేరియా రోగిని దోమతెరలో పడుకోబెట్టి కుట్టించారు. కుట్టిన ఒక్కో దోమకు ఒక్కో అణా కూలి. అనుమతి పత్రాలు, ఎథిక్స్ కమిటీలు లేని కాలం అది. ఇప్పుడు అలా చేయనివ్వరు, చేయకూడదు కూడా.

ఆ ఉక్కలోనూ రాస్ పంకా ఊపనిచ్చేవారు కాదు. గాలికి కోసిన దోమ ముక్కలు ఎగిరిపోతాయని! నుదుటి చెమటకు మైక్రోస్కోపు మరలు తుప్పుపట్టాయి, కంటిదగ్గరి అద్దం పగిలి ఉంది. ఆగస్టు 20న, దాదాపు ఆఖరి దోమల్లో ఒకదాని పొట్ట గోడలో గుండ్రటి కణాలు కనిపించాయి. వాటిలో నల్లటి రేణువులు. రోగి రక్తంలోని మలేరియా క్రిమిలో ఉండే రేణువుల్లాంటివే. మర్నాడు మిగిలిన దోమను కోస్తే ఆ కణాలు ఇంకా పెద్దవయ్యాయి. పెరుగుతున్నాయంటే బతికున్నట్టే. రోగికి ఏ రోజు కుట్టించింది, ఏ దోమను ఎన్నో రోజున కోసింది రాసి ఉంచబట్టే ఆ పోలిక సాధ్యమైంది. తేదీ లేని స్లైడ్ అయితే ఏమయ్యేదో ఊహించుకోండి.

అంతటితో గెంతులేయలేదు. తోటి డాక్టరు స్మిత్‌కు చూపించారు. లండన్‌కూ పంపారు. డిసెంబర్ 18న బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో వ్యాసం వచ్చినప్పుడు దానితోపాటు మాన్సన్ వంటి వాళ్ల పరిశీలన కూడా అచ్చయింది.

అంతలో రాజపుతానాలోని ఖేర్వారాకు బదిలీ. 1898లో కలకత్తా వెళితే అక్కడ ప్లేగు టీకాల భయం. సూది అంటేనే జనం పరుగు. మళ్లీ శాంపిల్ సమస్యే. రాస్ మనుషులను వదిలి పక్షుల మలేరియా పట్టుకున్నారు. జులైలో క్రిమి దోమ లాలాజల గ్రంథుల్లోకి చేరడం చూశారు. అలాంటి దోమలతో ఆరోగ్యంగా ఉన్న పక్షులను కుట్టిస్తే వాటికీ జబ్బు వచ్చింది. మనిషి మలేరియా చక్రాన్ని ఇటలీలో గ్రాసీ బృందం అదే ఏడాది నిరూపించింది. ఎవరు ముందన్న గొడవ రాస్ జీవితమంతా సాగింది. ఆ విషయంలో ఆయన ఏమాత్రం పెద్దమనసు చూపలేదు.

1902లో నోబెల్ వచ్చింది, బ్రిటన్‌కు అదే తొలి నోబెల్. కలకత్తాలో ఆయనకు సాయపడిన కిశోరీ మోహన్ బందోపాధ్యాయ్‌కు తర్వాత బంగారు పతకం దక్కింది. దోమలు తెచ్చి, పక్షులను కాచిన మహమ్మద్ బక్స్ పేరు పాఠ్యపుస్తకాల్లో కనిపించదు. రాస్ 1932 సెప్టెంబర్ 16న లండన్‌లో చనిపోయారు. ఆయన పనిచేసిన బేగంపేట భవనం ఇప్పుడు ఉస్మానియా యూనివర్సిటీ పరిధిలో, ఆయన పేరుతోనే ఉంది. ఆగస్టు 20ని ప్రపంచ దోమల దినంగా జరుపుతున్నారు.